ఎద్దు ముందా, సందు ముందా

మలక్‌పేటలో రేసు కోర్సుకు పోయే దారిలో ఒక వీడియో గేముల హాలు ఉండేది. తొంభైల చివరి మాట. అందులో పదకొండు యంత్రాలు. పదకొండోది మా అన్న చేసింది. అన్న అంటే తోడబుట్టినవాడు కాదు. నాకంటే పదిహేనేళ్లు పెద్ద, యాకుత్‌పురా స్టేషన్ వెనక సందులో ఉండేవాడు. నేను వాళ్లింటికి పాలు పోసేవాణ్ని. బస్తీ అంతా అన్న అనేది, నేనూ అలాగే పిలిచాను.

మిగతా పది యంత్రాలూ బయటి నుంచి తెప్పించినవి. వాటిలో బొమ్మలు రంగు చుక్కలు పేర్చినట్టు ఉండేవి. అన్న యంత్రంలో చేత్తో గీసిన కార్టూను సినిమాలాగా నడిచేది. నడుస్తుండగా ఒక్క క్షణం వస్తుంది. అప్పుడు హ్యాండిల్‌ని సరైన వైపు తోస్తే కథ ముందుకు పోతుంది. తోయకపోతే కథలోని మనిషి పడిపోతాడు. ఇలాంటిది ఊళ్లో ఇదే మొదటిదని అన్న అనేవాడు. నేను అనను, ఊళ్లోని హాళ్లన్నీ నేను లెక్కపెట్టలేదు కనక. తిరిగి చూసిన పదహారు హాళ్లలో మాత్రం ఇంకొకటి కనపడలేదు.

నాకు లెక్కలు ఎవరూ నేర్పలేదు. జహనుమాలో మా ఇంటికి దగ్గరున్నది ఉర్దూ బడి. అందులో ఏడో తరగతి దాకా చదివి బర్రెల దగ్గరికి వచ్చేశాను. తెలుగు చదవడం పేపర్లు చూసి పట్టుబడింది. ఒక క్యానులో చిక్కటి పాలు, ఇంకో క్యానులో పలచటి పాలు ఉంటే రెండూ కలిపాక వెన్న ఎంత శాతం వస్తుందో చెప్పడం నా మొదటి లెక్క. పాత పుస్తకాల బండి మీద లాగరిథం పట్టికల పుస్తకం దొరికితే ఏడాది పాటు దాన్ని చదివాను, అర్థం కాకపోయినా. ఏడాది తర్వాత అర్థమైంది. పొద్దున పదింటికి పాలు పోయడం అయిపోతే సాయంత్రం పితికేది మా తమ్ముడు. మధ్యలో రోజంతా నాదే.

అన్న పని సినిమా హాళ్లలో మొదలైంది. ఇంటర్వెల్‌లో తెర మీద వేసే గాజు పలకల మీద ప్రకటనలు రాసేవాడు, బొమ్మలు వేసేవాడు. గాజు మీద బొమ్మ అరచేయంత, తెర మీద ఇరవై అడుగులు. తప్పు కూడా ఇరవై అడుగులు కనపడుతుందని ఆయన చెప్పేవాడు. వీడియో గేములు వచ్చాక ఆ యంత్రాల పక్క చెక్కలకు రంగులు వేయడానికి పిలిచారు. వేస్తూ వేస్తూ లోపల ఏముందో చూశాడు. ఆరు నెలల్లో రిపేర్లు మొదలుపెట్టాడు. ఒకసారి సామాన్లకని బొంబాయి పోయినప్పుడు, ఒక దుకాణం మూలన పాడైపోయిన యంత్రాన్ని చూపించారట. అందులో డిస్కు మీద కార్టూను. దుకాణంవాడు మూడు నిమిషాలు నడిపి చూపిస్తే అది ఆగిపోయింది. ఆ మూడు నిమిషాలతోనే అన్న రైలెక్కి వచ్చాడు.

ఒక రోజు పొద్దున పాల గిన్నె పట్టుకుని గుమ్మంలో నిలబడి నన్ను ఆపాడు.

"నీకు లెక్కలు వస్తయంట గదా. ఒకటి చెప్పు. క్షణానికి నాలుగు బొమ్మలు. అయిదు నిమిషాల ఆట. ఎన్ని బొమ్మలు గీయాలె?"

"పన్నెండు వందలు."

"రోజుకు పన్నెండు గీస్తే?"

"నూరు రోజులు. ఆదివారాలు సెలవైతే నూట పదహారు."

"ఆదివారాలు లేవు," అన్నాడు అన్న. "లోపలికి రా."

లోపల నేల మీద ఒక పెద్దమనిషి వాలుబల్ల ముందు కూర్చుని ఉన్నాడు. ముప్పై ఏళ్లు ఒక ఉర్దూ పత్రికలో చేత్తో అక్షరాలు రాసిన కాతిబ్. పత్రికలోకి కంప్యూటర్ వచ్చాక ఆయన కలానికి పని లేకపోయింది. గీత తిరుగులేనిది. కలం ఎత్తకుండా గుర్రాన్ని వేసేవాడు. అన్న కథ చెప్పేవాడు, కాతిబ్ సాబ్ గీసేవాడు, అన్న రంగులు వేసేవాడు. నా వంతు లెక్కలు.

కథ ఇది. పెళ్లివంట చేసే లావుపాటి బావర్చీ. నెత్తి మీద డేక్చా, బిర్యానీ వండిన పెద్ద గిన్నె. వేడి చల్లారకముందే జహనుమా నుంచి చార్మినార్ అవతల పెళ్లి జరిగే షాదీఖానాకు చేరాలి. దారిలో ఎద్దు, కోతులు, వేలాడే కరెంటు తీగలు, యాకుత్‌పురా రైలు గేటు. ఇరవై దృశ్యాలు. ప్రతి దృశ్యంలో ఒక ప్రమాదం, ఒక తప్పించుకునే దారి. ఆడేవాడికి మూడు డేక్చాలు ఇస్తాం. మూడూ ఒలికితే ఆట అయిపోయినట్టు.

ఆట డిస్కు వీసీడీ ప్లేయర్‌లో తిరిగేది. డిస్కు మీద ఒకచోటి నుంచి ఇంకోచోటికి దుమకడానికి ప్లేయర్‌కి సుమారు ఒక సెకను పట్టేది. ఆ సెకను తెర నల్లగా ఉంటుంది. అన్నకు అది ముల్లులా గుచ్చేది. నేను మూడు రోజులు ఆలోచించి ఒక వరస కట్టాను. గెలిచినవాడి తర్వాతి దృశ్యం డిస్కు మీద పక్కనే ఉండాలి, దుముకు లేకుండా సాగిపోవాలి. ఓడినవాడి దృశ్యమే దూరంగా ఉండాలి.

"ఎందుకట్ల?" అన్నాడు కాతిబ్ సాబ్.

"బతికినోనికి ఆగే ఓపిక ఉండదు సాబ్. పడిపోయినోడు ఒక సెకను ఆగుతడు."

ఆయన నవ్వి, "పాలవాడివి గాదు, హకీమువి," అన్నాడు. నాడి తెలిసిన వైద్యుడన్న ఆ మాట నాకు చాలా రోజులు బలం ఇచ్చింది.

తర్వాత హ్యాండిల్ తోయడానికి ఎంత గడువు ఇవ్వాలన్న ప్రశ్న వచ్చింది. అన్న యాకుత్‌పురా ఇంట్లోనే బల్ల మీద టీవీ పెట్టి, బస్తీవాళ్లను ముప్పైమందిని కూర్చోబెట్టి ఆడించాం. టైలరు, బేకరీ ఆయన, బురఖా తీయకుండానే ఆడిన ఇద్దరు టీచరమ్మలు, రైల్వే గేటు మనిషి. నా దగ్గర నొక్కితే ఆగే గడియారం ఉండేది. సెకనుకు ఇరవై అయిదు ఫ్రేములు. ఎద్దు కనపడిన దగ్గరి నుంచి హ్యాండిల్ కదిలే దాకా సగటున పదిహేడు ఫ్రేములు పట్టింది. ఇరవై అయిదు ఇస్తే చాలని నేను రాశాను. ఒక సెకను. ఆ తర్వాత ఎద్దు కొమ్ము బావర్చీ పొట్టకు తగులుతుంది. బొమ్మే అలా గీశారు కనక ఇక గడువు పెంచే వీలు లేదు.

చెక్కపెట్టె తయారై, పక్కల మీద అన్న వేసిన బావర్చీ నవ్వుతూ నిలబడ్డాక, మలక్‌పేట హాలు సేఠ్ ఒప్పుకున్నాడు. ముప్పై రోజులు మూల జాగా ఇస్తానన్నాడు. అన్న అప్పటికే రిపేరు పనులన్నీ వదిలేశాడు. ఆయన పాత గిరాకీ వేరే మెకానిక్ దగ్గరికి పోయింది. ఆ మూల నిలబడకపోతే ఈ పెట్టెను ఇంకెవరూ తీసుకోరని ముగ్గురికీ తెలుసు. ఊళ్లో హాలువాళ్లంతా ఒకరినొకరు ఎరిగినవాళ్లే.

మొదటి అయిదు రోజుల్లో అరవై రెండుమంది ఆడారు. నలభై ఒక్కమంది మూడో దృశ్యం దాటలేదు. మూడో దృశ్యమే ఎద్దు. ఆడి, పడి, ఇంకోసారి పడి, లేచి పక్క యంత్రానికి పోయేవాళ్లు. ఆరో రోజు సేఠ్ అన్నను పిలిచాడు. సేఠ్ మంచివాడే, కాని మాట కత్తిరించినట్టు ఉండేది.

"ఏంది భాయ్, దీనికి ఆఖరు ఉందా లేదా? పోరగాళ్లు లేదంటున్నరు. ఎవడు ఆడినా ఎద్దే పొడుస్తదంట."

"ఉంది సేఠ్. మా బస్తీల ఇద్దరు ఆఖరు చూసిండ్రు."

"మీ బస్తీ వద్దు. మీ మనుషులను తెచ్చి ఆడిపిస్తే నాకేం ఎరుక? నా హాలుకు వచ్చేటోడు ఒక్కడు ఆఖరు దాకా పోవాలె. నెల తిరిగేలోపల పోయిండా, నీ డబ్బా ఈడనే ఉంటది. పోలేదా, తీస్కపో. ఆ జాగల ఫైటింగ్ మిషన్ వస్తది, చెప్పి పెట్టిన."

అన్న తిరిగి వచ్చి గల్లీలో నిలబడ్డాడు. కోపం లేదు. ఆయనకు ఏదైనా అర్థం కాకపోతే గోరుతో బొటనవేలి మీది ఎండిన రంగు గీకేవాడు. గీకుతున్నాడు.

"మన బస్తీల పదిహేడు ఫ్రేములు. ఈడ ఏమాయె? మలక్‌పేట మనుషులకు చేతులు మొద్దుబారినయా?"

నాకూ అదే తెలుసుకోవాలనిపించింది. నిజం చెప్పాలంటే ఆ క్షణం అన్న కష్టం కంటే ఆ తేడాయే నన్ను ఎక్కువ లాగింది. పదిహేడెక్కడ, ఇరవై అయిదు దాటడమెక్కడ. ఊరు అదే, మూసీ ఇవతలే, బస్సులో ఇరవై నిమిషాల దూరం.

మర్నాటి నుంచి నోటుబుక్కు పట్టుకుని యంత్రం పక్కన స్టూలు వేసుకున్నాను. ప్రతి ఆటకూ ఒక వరస. ఎన్నో దృశ్యంలో పడ్డారు, తప్పు వైపు తోశారా, ఆలస్యంగా తోశారా. రెండు రోజుల్లోనే ఒకటి తేలింది. తప్పు వైపు తోసినవాళ్లు చాలా తక్కువ. అందరూ సరైన వైపే తోస్తున్నారు, ఆలస్యంగా. ఆరు ఫ్రేములు, ఏడు ఫ్రేములు ఆలస్యం. అంటే వాళ్లకు దారి తెలుసు, సమయానికి తెలియడం లేదు.

ఆలస్యం ఎవరికి? వయసు గడి గీశాను. తేలలేదు. కళ్లద్దాలు ఉన్నాయా లేవా అని ఇంకో గడి. తేలలేదు. వేరే గేములు ఆడే అలవాటు ఉందా అన్న గడి కొంత ఆశ పుట్టించి, నాలుగో రోజుకు చెదిరిపోయింది. వచ్చినవాళ్లు నన్ను హాలు గుమస్తా అనుకునేవారు. ఒకాయన మాత్రం అనుకోలేదు. దగ్గర్లో ఏదో గవర్నమెంటు ఆఫీసు ఉద్యోగి, కోస్తా వైపు మనిషి, నలభై ఏళ్లుంటాయి. ఆఫీసు వదలగానే టిఫిన్ బాక్సు సంచీతో వచ్చి, ఇంటి బస్సు వచ్చే లోపల రెండు ఆటలు ఆడేవాడు. రోజూ ఎద్దు పొడిచేది. రోజూ వచ్చేవాడు.

"మీరు రాసుకునేది నా పాపాల చిట్టానా అండీ?" అన్నాడు ఒకసారి.

"ఎందరు ఏడ పడుతున్నరో రాస్తున్న సార్."

"అయితే నా పేరున ఒక పేజీ వదిలెయ్యండి. మా ఆవిడ అడిగితే ఓవర్‌టైమ్ అంటున్నాను. ఎద్దు చేతిలో చచ్చే ఓవర్‌టైమ్."

"సార్, ఎద్దు వచ్చినప్పుడు మీకు ఏమైతుంది? చెయ్యి ఆడతలేదా?"

ఆయన ఆలోచించాడు. సంచీ ఆ చేతిలోంచి ఈ చేతిలోకి మార్చుకున్నాడు. "చెయ్యి బాగానే ఉందండీ. నాకు ముందు సందు కనిపిస్తుంది. ఖాళీ సందు. అందులో ఏముంది చూడ్డానికి? చూపు అలా పోతుంటే అప్పుడు ఎద్దు. అరె అని మళ్లీ సందు దగ్గరికి వచ్చేసరికి పొడిచేసింది."

నేను ఆ మాటల్ని యథాతథంగా రాసుకున్నాను. మర్నాటి నుంచి కొత్త గడి: ఏది ముందు కనపడింది, ఎద్దా, సందా? జనం నవ్వుతూనే చెప్పేవారు. ఎద్దు అన్నవాళ్లు బతికారు. సందు అన్నవాళ్లు పడ్డారు. ఇది బాగా తేలింది. ఎందుకో మాత్రం తేలలేదు. ఒకే బొమ్మలో ఒకడికి ఎద్దు, ఒకడికి సందు ముందు ఎందుకు కనపడాలి?

పన్నెండో రోజు మధ్యాహ్నం హాలు ఖాళీగా ఉంది. స్టూలు మీద కూర్చుని నోటుబుక్కు మొదటి నుంచి తిప్పుతున్నాను. ఒక గడిలో ఏ బస్తీ నుంచి వచ్చారో వాళ్లనే రాయమనేవాణ్ని, నేను అడిగితే కొందరు అబద్ధం చెప్తారని. ఆజంపురా, సైదాబాద్, దిల్‌సుఖ్‌నగర్, చంచల్‌గూడ. ఎవరికి వచ్చిన రాతలో వాళ్లు రాశారు. ఆ గడిని కిందికి చూస్తూ పోతుంటే, కొన్ని పేర్లు గడి కుడి గీతకు ఆనుకుని ఉన్నాయి, కొన్ని ఎడమ గీతకు. కుడికి ఆనినవి ఉర్దూవి. ఎడమకు ఆనినవి తెలుగు, ఇంగ్లీషు. ఊరికే వేలు పెట్టి పక్క గడి చూశాను. కుడికి ఆనిన పేరు పక్కన ఎద్దు. ఎడమకు ఆనిన పేరు పక్కన సందు. ఇంకోటి చూశాను. ఇంకోటి. మొత్తం నూట పద్దెనిమిది వరసలు. ఉర్దూ ముప్పై ఏడు, తెలుగు యాభై ఎనిమిది, ఇంగ్లీషు ఇరవై మూడు. ఉర్దూ రాసినవాళ్లు సగటున తొమ్మిదో దృశ్యం దాకా పోయారు. మిగతావాళ్లు మూడు.

కాతిబ్ సాబ్ ముప్పై ఏళ్లు కుడి నుంచి ఎడమకు పేజీలు నింపిన మనిషి. బొమ్మ కూడా పేజీలాగే పరిచాడు. ముందు చదవాల్సింది కుడివైపు: ఎద్దు. తర్వాత చదవాల్సింది ఎడమవైపు: సందు. ఆయనకు అది పద్ధతి కూడా కాదు, ఊపిరి. యాకుత్‌పురాలో మేం కూర్చోబెట్టిన ముప్పైమందీ ఉర్దూ చదివేవాళ్లే. నేనూ ఆ బడిలోవాణ్నే. అన్న కూడా అంతే. మాలో ఒక్కరికీ ఆ బొమ్మ తిరగబడి ఉన్నట్టు అనిపించలేదు, ఎందుకంటే మాకు అది తిరగబడి లేదు. ఎడమ నుంచి చదివేవాడు మాత్రం అలా పరిచిన ప్రతి దృశ్యంలోనూ జవాబు ముందు, ప్రశ్న తర్వాత చూస్తున్నాడు. ఇరవై దృశ్యాల్లో పదమూడింటికి దారి ఎడమకే ఉంది. మిగతా ఏడూ గెంతడం, వంగడం. కుడికి ఒక్కటీ లేదు. ఆ పదమూడు మొదటి నుంచీ నా పుస్తకంలో ఉన్న అంకె. దాన్ని ఎందుకని అడగలేదు.

యాకుత్‌పురా చేరి చెప్పాను. అన్న నోటుబుక్కు లాక్కుని తనే వేలితో చూశాడు. కాతిబ్ సాబ్ తన బొమ్మ ఒకటి తీసి అద్దం ముందు పెట్టి అద్దంలోకి చూశాడు.

"ఎద్దును ఇంకెవరో గీసినట్టుంది," అన్నాడు.

"అదే సాబ్. వాళ్లకు గట్లనే కావాలె," అన్నాడు అన్న. "స్కానర్ దుకాణంల బొమ్మను తిప్పుడు ఒక్క బటన్ పని. అన్నీ తిప్పి రెండో ఆట చేద్దాం. డిస్కుల జాగ ఉందా?"

"డెబ్భై నాలుగు నిమిషాలది. మనది అయిదు. ఇంకో అయిదు పెద్ద పని గాదు," అన్నాను. "కాని ఎవరికి ఏ ఆట పెట్టాలో మిషన్‌కు ఎట్ల తెలుస్తది? రెండు రాతలల్ల రెండు బటన్లు పెడదామా, చదివి వత్తుతరు."

"ఆటకొచ్చినోనికి చదువు పరీక్ష పెడతవా? చదువు రానోడు ఏం చెయ్యాలె?" అన్నాడు అన్న. గది ఆ మూల నుంచి ఈ మూలకు నాలుగుసార్లు నడిచాడు. "వినుండ్రి. ముందుగాల ఎద్దు లేదు, ఏం లేదు. వంటశాల. కుడి మూలకు ఒక నెయ్యి డబ్బా, ఎడమ మూలకు ఒక నెయ్యి డబ్బా. రెండూ ఒక్క తీరు. బావర్చీ నడుమ ఉంటడు. వంటోళ్ల ఉస్తాద్ నెయ్యి తే అంటడు. ఏ డబ్బా ముందు కనవడితే దాని దిక్కు తోస్తడు. కుడి డబ్బా తీసినోనికి సాబ్ ఆట. ఎడమ డబ్బా తీసినోనికి అద్దం ఆట. వానికి ఏం ఎరుకనే ఉండదు."

నేను చాలామంది తెలివైనవాళ్లను చూశాను. ఒక మనిషి తెలివి పుట్టడం కళ్ల ముందు చూసింది ఆ ఒక్కసారే. బల్ల మీద రెండు డబ్బాల బొమ్మ పెట్టి రెండు రోజుల్లో యాభైమందికి చూపించాను. నలభై ముగ్గురు తాము చదివే వైపు నుంచే చెయ్యి చాచారు. ఏడుగురు చాచలేదు. ఆ ఏడుగురి సంగతి ఇప్పటికీ నాకు తెలియదు.

ఆ రెండు రోజులు గడవకముందే అడ్డంకి అక్షరాల దగ్గర వచ్చింది. బొమ్మల్లో దుకాణాల బోర్డులున్నాయి. తిప్పితే అక్షరాలూ తిరగబడతాయి. స్కానర్ దుకాణం మనిషి, ఒక్క సెకనులో ఎవరు చదువుతారు, వదిలేయండి అన్నాడు. కాతిబ్ సాబ్ టోపీ తీసి తొడ మీద పెట్టుకున్నాడు.

"నేను చదువుత గదా."

"సాబ్, దినాలు లేవు," అన్నాడు అన్న.

"బొమ్మ తిప్పు, ఎద్దును తిప్పు, చార్మినార్‌నే తిప్పు, నాకు ఫికర్ లేదు. రాత తిరగవడితే అది రాత గాదు. ఎన్ని ఉన్నయి, పాలాయన?"

నేను ముందే లెక్కపెట్టి ఉంచాను. బోర్డులున్న బొమ్మలు నూట అరవై నాలుగు. ఉర్దూ బోర్డులు ఆయన, తెలుగు బోర్డులు అన్న రాస్తే రోజుకు పదహారు అవుతాయి. పదకొండు రోజులు. స్కానింగుకూ డిస్కుకూ మూడు రోజులు. పదమూడో రోజు మొదలుపెడితే ఇరవై ఆరో రోజు సాయంత్రానికి డిస్కు చేతికి వస్తుంది. హాల్లో నాలుగు రోజులు మిగులుతాయి.

"నాలుగు చాలు," అన్నాడు అన్న. చాలు అనడానికి లెక్కేమీ లేదు, ఆయన అన్నాడంతే.

వాళ్లు రాస్తుండగా నేను పాత డిస్కు దగ్గర స్టూలు వదల్లేదు. ఉద్యోగి రోజూ వస్తూనే ఉన్నాడు. మూడో దృశ్యం దాటాడు. ఆరు. పదకొండు. ఒకసారి పడినచోట మర్నాడు పడడం మానేశాడు. ఇరవై ఆరో రోజుకు పదిహేడు దాకా వచ్చాడు. కొత్త ఆట వస్తోందని, ఆయనలాంటివాళ్లకు తేలిగ్గా ఉంటుందని నేను చెప్పాను. ఆయన సంతోషించినట్టే కనపడ్డాడు.

ఇరవై ఏడో రోజు డిస్కు మార్చాం. మధ్యాహ్నానికే తేడా తెలిసింది. మొదటిసారి ఆడే తెలుగు కుర్రాళ్లు ఎడమ డబ్బా తీసి, ఎద్దును చూసి, కుడి సందులోకి జారిపోతున్నారు. ఆరు, ఎనిమిది, పది. అన్న గోడకు ఆనుకుని, నవ్వు కనపడకుండా మీసం రుద్దుకుంటున్నాడు. సాయంత్రం ఉద్యోగి వచ్చాడు. ఎడమ డబ్బా తీశాడు. రెండో దృశ్యంలో కోతులకు దొరికిపోయాడు. మళ్లీ రెండులోనే. మళ్లీ మూడు.

"నా చెయ్యికి ఎడమ అలవాటైపోయిందండీ," అన్నాడు. "ఇన్నాళ్లూ కష్టపడి నేర్చుకుంటే మీరు ఊరే తిప్పేశారు."

నాకు సిగ్గేసింది. ఎవరి కోసమని అద్దం ఆట చేశామో, అందులో అందరికంటే ముందున్నవాడినే అది పడేసింది. చేతి అలవాటును నేను ఏ గడిలోనూ రాయలేదు.

ఇరవై ఎనిమిది, ఇరవై తొమ్మిది. అందరికంటే దూరం పోయినవాడు పదహారో దృశ్యం. ముప్పయ్యో రోజు సాయంత్రానికి ఫైటింగ్ మిషన్ పెట్టె బయట రిక్షా బండి మీద వచ్చి ఉంది, దాని మీద తాడు ఇంకా విప్పలేదు. సేఠ్ టోకెన్ల బల్ల దగ్గర కూర్చున్నాడు. కాతిబ్ సాబ్ ఆ రోజు మొదటిసారి హాలుకు వచ్చాడు. చెప్పులు గుమ్మం దగ్గర విడిచి వచ్చి, ఎవరూ విడవలేదని చూసి మళ్లీ వెళ్లి తొడుక్కున్నాడు.

ఉద్యోగి ఆలస్యంగా వచ్చాడు. సంచీ నా చేతికి ఇచ్చాడు, ఎన్నడూ ఇవ్వలేదు. వంటశాల వచ్చింది. చెయ్యి ఒక క్షణం ఆగి, కుడి డబ్బా తీసింది.

"సార్, అది కాదు, మీది..." అన్నాను.

"నాకు తెలుసండీ. కుడి డబ్బా తీసినవాళ్లకు ఏ ఊరు వస్తోందో చూశాను. పాత ఊరికే పోతున్నాను."

పాత ఊరు ఆయనకు కంఠతా వచ్చేసింది. కోతులు, ఎద్దు, తీగలు, రైలు గేటు. చుట్టూ పదిమంది, తర్వాత పాతికమంది పోగయ్యారు. పద్దెనిమిది ఆయన ఎన్నడూ చూడని దృశ్యం. ఒక డేక్చా ఒలికింది. తిరిగి అదే వస్తే దాటాడు. పందొమ్మిదిలో రెండోది ఒలికింది. దాన్నీ దాటాడు. ఇక మిగిలింది ఒక్క డేక్చా, ఒక్క దృశ్యం. అందులో షాదీఖానా ముందు పెళ్లికొడుకును తెచ్చిన బారాత్ గుర్రం బెదిరి లేస్తుంది. అందులో ఏముందో ఆ హాల్లో మా ముగ్గురికే తెలుసు. అన్న తెర వైపు చూడడం మానేసి నా నోటుబుక్కు వైపు చూస్తున్నాడు, అందులో ఏదో రాసి ఉన్నట్టు.

గుర్రం లేచింది. హ్యాండిల్ ఎడమకు పోయింది. నేను చేతిలోని ఆగే గడియారం నొక్కాను. తొమ్మిది ఫ్రేములు. నా పుస్తకంలో ఎవరికీ లేని అంకె.

షాదీఖానా తలుపులు తెరుచుకున్నాయి. బావర్చీ డేక్చా దించాడు, ఆవిరి లేచింది, పెళ్లికొడుకు మొహం మీది పూల సెహ్రా పక్కకు తీసి వాసన చూశాడు. హాలంతా ఒక్కసారి హోరెత్తింది. కాతిబ్ సాబ్ అప్పుడు కూడా షాదీఖానా బోర్డే చూస్తున్నాడు.

"సార్, తొమ్మిది ఫ్రేములల్ల ఏం కనవడ్డది? గుర్రమా, సందా?" అని అడిగాను. నాకు ఆ జవాబు కావాలి.

"ఏదీ చూడలేదండీ," అన్నాడు సంచీ తీసుకుంటూ. "గీసినాయన చెయ్యి ఎటు పోతుందో ఈ నెల రోజుల్లో తెలిసిపోయింది. అటు లాగాను."

గీసినాయన పక్కనే నిలబడి ఉన్నాడు. ఆయనే అని చెప్పాను. ఇద్దరూ ఒకరినొకరు చూసుకున్నారు, చేతులు కలిపారు. బస్సుకు వేళయిందని ఉద్యోగి వెళ్లిపోయాడు.

సేఠ్ గుంపును తోసుకుంటూ వచ్చాడు. ఎవరికో టోకెన్లు ఇస్తూ ఉండిపోయి అసలు క్షణం చూడలేదు.

"ఏమాయె? అయిపోయిందా? ఆఖరుల ఏముంది?"

"మస్తుంది సేఠ్," అన్నారు ఎవరో. "పెండ్లి."

"నేను చూడలే గదా. మళ్ల తిప్పు."

"డిస్కు గట్ల తిరగదు సేఠ్," అన్నాడు అన్న. "ఆడి పోవాలె."

సేఠ్ అన్న మొహం చూశాడు, బయట తాడుతో ఉన్న పెట్టెను చూశాడు. చొక్కా చేతులు మడిచాడు. వంటశాల వచ్చింది, కుడి డబ్బా తీశాడు. మూడో దృశ్యంలో ఎద్దు పొడిచింది.

"ఛల్, ఇంకోటి," అన్నాడు.

ఆ సాయంత్రం ఆయన పదకొండు ఆటలు ఆడాడు. ఆరో ఆట నడుమ రిక్షావాడు గుమ్మంలోకి వచ్చి సామాను ఎక్కడ దించాలని అడిగాడు. సేఠ్ వెనక్కి తిరగకుండానే, తలుపు పక్కన నీళ్ల కూలర్ జరిపి అక్కడ పెట్టమన్నాడు. ఏడో దృశ్యంలో తీగల కింద వంగడానికి ఆయనకు ఒక ఫ్రేము ఆలస్యం అవుతోంది. నేను కొత్త పేజీ తిప్పి ఆయన వరస మొదలుపెట్టాను.